కొసరు చుట్టు

మందలో ఒక గొర్రె ఎక్కువ వచ్చిందని భార్య రుక్కమ్మ చెప్పినప్పుడు బీరన్న నవ్వాడు.

"పక్క మందల నుంచి కలిసింటది. ఎవలన్న అడగొస్తే ఇచ్చెయ్యి" అన్నాడు అన్నం కలుపుకుంటూ.

"పక్క మంద యాడుంది? గీ చుట్టుముట్టు ఇంకో మందనే లేదు. అయినా గది పరాయిది కాదయ్యా. మనదే. మన చిరుగు చెవిదే. రెండు చిరుగు చెవులున్నయి ఇప్పుడు."

"నీకు కండ్లు మసకలొచ్చినయి."

"నాకు మసకలొస్తే నువ్వొచ్చి చూడు. పొద్దంత తీగలు చూసే కండ్లు కదా నీయి."

చెయ్యి కడుక్కుని దొడ్డి దగ్గరికి వెళ్లాడు. పడమట ఇంకా వెలుతురు ఉంది. అరవై నాలుగు నల్ల గొర్రెల నడుమ రెండు పక్కపక్కనే నిలబడి ఉన్నాయి. రెండేళ్ల కింద కుక్క పట్టుకున్నప్పుడు చిరిగిన ఎడమ చెవి రెండింటికీ ఒక్క తీరుగానే చిరిగి ఉంది. రెండూ వెనక కుడికాలు కొంచెం ఈడ్చుతున్నాయి. అంతవరకు బీరన్న మనసు ఏదో ఒక సాకు వెతుక్కుంటూనే ఉంది. మెడలో గంట కట్టిన దారం పట్టుకుని చూశాక సాకులన్నీ అయిపోయాయి. ఆ దారానికి వేసిన ముడి తనది. మోటరు కాయిలు చివర వేసే ముడి, రెండు మెలికలు తిప్పి కింది నుంచి లాగేది. యాలాల మండలంలో ఆ ముడిని గొర్రె మెడకు వేసేవాడు ఇంకొకడు లేడు. బీరన్న కూడా బతుకులో ఒక్క గొర్రెకే వేశాడు.

ముడి విప్పి చూద్దామనుకుని, ధైర్యం చాలక చెయ్యి వెనక్కి తీసుకున్నాడు.

"ఎప్పుడొచ్చింది?" అని అడిగాడు.

"మూడు గంటల యాళ్లకు. లెక్కవెట్టిన, ఒకటి ఎక్కువొచ్చింది. కొసరు ఇచ్చిండు దేవుడు" అంది రుక్కమ్మ.

కొసరు అన్న మాట వినగానే బీరన్న రెండడుగులు వెనక్కి జరిగాడు. అది గురువారం. మూడు గంటలకు వికారాబాదులో ఏం జరగవలసి ఉందో అతనికి తెలుసు.

*

బీరన్నది గొర్రెలు కాచే ఇల్లు. అతనికి మాత్రం చిన్నప్పటి నుంచే గొర్రెల మీద కంటే వాటి పక్క పొలంలో తిరిగే మోటర్ల మీద ధ్యాస ఉండేది. తొమ్మిదో తరగతి తప్పాక తాండూరులో ఏసుదాసు వైండింగ్ షాపులో చేరాడు. ఏసుదాసు పుస్తకం చూసి నేర్పలేదు, మాటలతోనూ నేర్పలేదు. కాలిన మోటరు ముందు పెట్టి, "ఇప్పు. ఎట్ల చుట్టిండ్రో చూడు. మల్ల గట్లనే చుట్టు" అనేవాడు. చెడిపోతే మళ్లీ విప్పమనేవాడు. మూడేళ్లలో బీరన్న పట్టుకుంటే చాలు, తీగ ఎంత మందమో చెప్పగలిగాడు.

ఏసుదాసుకు ఒక అలవాటు ఉండేది. చుట్లు లెక్కపెట్టేటప్పుడు ధాన్యం కొలిచేవాళ్ల లాగా మొదటి చుట్టును ఒకటి అనకుండా లాభం అనేవాడు. లెక్క పూర్తయ్యాక చివరి కాయిలుకు ఒక్క చుట్టు ఎక్కువ వేసి, ఆ చుట్టుకు గుర్తుగా తెల్ల నూలు దారం కట్టేవాడు. పప్పు తూచినవాడు చివర గుప్పెడు కొసరు వేసినట్టు. ఒక్క చుట్టుతో బోరు మోటరుకు వచ్చేదీ లేదు, పోయేదీ లేదు. "తెచ్చినోనికి మనం తక్కువ చెయ్యలేదని మన చేతికి తెలువాలె" అనేవాడు అంతే.

ఏసుదాసు పోయాక షాపు బీరన్నది అయింది. అలవాటు కూడా అతనిదే అయింది. తెల్ల నూలు వేడికి మాడి రాలిపోతోందని అతను ఒక్క మార్పు చేశాడు. రుక్కమ్మ కదురు మీద వడికిన నల్ల ఊలు దారం కట్టడం మొదలుపెట్టాడు. ఊలు తొందరగా అంటుకోదు. ముప్ఫై ఏళ్లలో ఆ నల్ల దారం ఎన్ని వందల మోటర్లలోకి వెళ్లిందో అతనే చెప్పలేడు. ఒక్క మోటరు గురించి కూడా ఎవరూ మాట అనలేదు.

ధారూరు జంగప్ప పొలంలోని మోటరు అట్లా చుట్టిందే. పద్నాలుగేళ్లయినా కాలలేదు. ఆ జంగప్ప బిడ్డ పద్మారాణి ఇంజనీరు అయింది. వికారాబాదులో, కొండలకు పోయే దారిలో అద్దెకు తీసుకున్న ఒక పాత గోదాములో ప్రయోగం పెట్టిన కంపెనీలో చేరింది. వేసవిలో ఒకరోజు షాపు ముందు కారు దిగి, "బీరన్న కాకా, ఒక కాయిలు చుట్టాలె. పెద్దది. మెషీను మీద చుట్టిన కాయిళ్లు నాలుగు తెప్పించినం, ఒక్కటీ పని చెయ్యలే. చేత్తోని చుట్టేటోల్లు కావాలె" అంది.

"దేనికి మేడం?"

ఆమె అతని షాపు ముందు మెట్టుగా వేసిన నాపరాయి పక్కన వంగి, దాని అంచు చూపించింది. సన్నటి గీతలు, పొర మీద పొర.

"మన లోకం గీ ఒక్క పొర అనుకో కాకా. దీని మీద ఒకటి, కింద ఒకటి, అన్నీ జర అటిటుగా మనలాంటియే. నడుమ సందులున్నయి. గా సందును వదులు చేసి, అక్కడి వస్తువును ఇక్కడికి, ఇక్కడిది అక్కడికి జరిపే మిషను మాది."

బీరన్న ఆమె ముఖం చూశాడు. నవ్వులాట కాదని అర్థమైంది. "ఎన్ని చుట్లు?" అని మాత్రం అడిగాడు.

"పద్నాలుగు వందల నలభై. ఒకటి తక్కువ కావద్దు."

ఒకటి ఎక్కువ కావద్దు అని ఆమె అనలేదు. పదకొండు రోజులు చుట్టాడు. లాభం, రెండు, మూడు అంటూ పద్నాలుగు వందల నలభై దాకా వచ్చి, చెయ్యి ఆగకముందే ఇంకో చుట్టు తిప్పి, నల్ల దారం కట్టి, వార్నిష్ పోసి ఆరబెట్టాడు.

*

రెండో గురువారం బీరన్న షాపు మూసి మంద వెంట వెళ్లాడు. రుక్కమ్మ గొంగడిని తల మీదుగా మడిచి కప్పుకుంది. సన్నగా తుంపర పడుతోంది.

"ఇయ్యాల ఏంది, షాపు మీద మనసు ఇరిగిందా? నామీద పుట్టిందా?" అంది.

"ఊకెనే వచ్చిన."

మూడు కావస్తుండగా అతను చిరుగు చెవి గొర్రెలను రెండింటినీ కళ్లార్పకుండా చూస్తున్నాడు. అందుకే పక్కన జరిగింది అతని కంట పూర్తిగా పడలేదు. మందకు ముందు నడిచే పెద్ద గొర్రె తలవంచి గడ్డి కొరుకుతోంది. కొరికిన చప్పుడు సగంలో తెగింది. బీరన్న తల తిప్పేసరికి అక్కడ గొర్రె లేదు. వంగిన గడ్డి మెల్లగా పైకి లేస్తోంది. తడి నేలలో నాలుగు గిట్టల గుర్తులు ఉన్నాయి. వాటి ముందు అడుగు లేదు, వెనక్కి తిరిగిన అడుగూ లేదు. మిగతా గొర్రెలన్నీ ఒక్కసారిగా తలలెత్తి, ఆ ఖాళీ చోటు చుట్టూ దూరం జరిగి నిలబడ్డాయి.

రుక్కమ్మ చెలిమె దగ్గర సీసాలో నీళ్లు నింపుకుంటోంది. వచ్చి లెక్కపెట్టింది.

"అరవై మూడు. పెద్దది కనవడ్తలేదు. మొన్న కొసరు ఇచ్చిన దేవుడే తీసుకపోయిండు తియ్యి. లెక్క సరిపోయింది" అంది.

సరిపోలేదు. వచ్చింది అక్కడిది, పోయింది మనది. ఆ మాట బీరన్న తనలోనే ఉంచుకున్నాడు. చెబితే ఆమె ఆ బీడులో ఒంటరిగా ఎట్లా ఉంటుంది?

మర్నాడు పద్మారాణికి ఫోను చేసి, మాట కలుపుతున్నట్టుగా అడిగాడు.

"మిషను ఎట్ల నడుస్తుంది మేడం?"

"నీ కాయిలు ఒక్కటే పట్టుకుంది కాకా! మొదటిసారి ఇటు గుంజినం, ముప్ఫై కిలోలు. నిన్న అటు తోసినం, ముప్ఫై ఒకటి. మీటరు చూపిస్తుంది, పోయిందని. కానీ బల్ల మీద పెట్టిన రాయి మాత్రం కదుల్తలేదు. ఏం పోతుందో, యాడికెల్లి పోతుందో సమజైతలేదు."

బీరన్నకు సమజయింది. యంత్రానికి రాయి సంగతి తెలియదు. కొసరు చుట్టుకు కట్టిన దారం తెలుసు. ఆ దారం ఏ మందలో పుట్టిందో ఆ మందలోకే చెయ్యి పెడుతోంది. ఎంత బరువు అడిగితే అంత బరువున్నది ఎత్తుకుపోతోంది.

ఆ క్షణంలోనే చెప్పవలసింది. చెప్పలేకపోయాడు. వాళ్లిచ్చిన లెక్క దాటి చుట్టు వేశానని, అడగని దారం కట్టానని తన నోటితో చెప్పుకోవాలి. ముప్ఫై ఏళ్లుగా అతని పనిలో తప్పు పట్టినవాడు లేడు. "మల్ల ఎప్పుడు నడిపిస్తరు?" అని అడిగాడు.

"నెల పడ్తది కాకా. అంతా విప్పి చూడాలె."

నెల ఉంది కదా అనుకున్నాడు. విప్పినప్పుడు వెళ్లి, వార్నిష్ చూస్తానని చెప్పి దారం తెంపి వద్దామనుకున్నాడు.

*

వారం కూడా కాలేదు. మళ్లీ గురువారం మధ్యాహ్నం పన్నెండున్నరకు పద్మారాణే ఫోను చేసింది.

"కాకా, కాయిలు ఎంత వేడి దాకా ఆగుతది? మా శ్రీహరి సారు ఆగుతలేడు. ఇయ్యాలనే నడిపిస్త అంటున్నడు. మూడు గంటలకు."

"ఎటు? ఇటు గుంజుతరా, అటు తోస్తరా?"

"అటు. ఈసారి పెద్ద రాయి పెట్టినం. యాభై అయిదు కిలోలు."

బీరన్న మందలో యాభై అయిదు కిలోల గొర్రె లేదు. ముప్ఫై అయిదు దాటినదే లేదు. పోయిన నెల యాలాలలో ఆరోగ్య శిబిరం పెట్టినప్పుడు రుక్కమ్మ కాంటా మీద ఎక్కింది. "యాభై ఒకటి. పెండ్లినాడు నలభైనే ఉంటి" అని నవ్వింది. ఆమె ఒంటి మీద గొంగడి ఉంటుంది. అదే మంద ఊలు, ఆమె వడికిన అదే దారం. తడిసిన గొంగడి నాలుగు కిలోలు తూగుతుంది.

రుక్కమ్మకు ఫోను చేశాడు. మోగింది, ఎవరూ ఎత్తలేదు. వానలో తడుస్తుందని ఆమె ఫోనును ఇంట్లో గూట్లో పెట్టి పోతుంది. రెండోసారి మోగుతుండగానే బీరన్న లెక్క వేసుకున్నాడు. మంద కాగ్నా వాగు వైపు ఉండవచ్చు, కంది చేల అంచున ఉండవచ్చు, ఎక్కడైనా ఉండవచ్చు. మూడు లోపల దొరుకుతుందన్న నమ్మకం లేదు. యంత్రం మాత్రం ఒక్కచోటే ఉంటుంది. చాకు, గరుకు కాగితం, టంకం సామాను, తెల్ల నూలు ఉండ సంచిలో వేసుకుని స్టేషనుకు పరుగెత్తాడు.

రైలులో మళ్లీ పద్మారాణికి చేశాడు. ఫోను కట్టేసి ఉంది. యంత్రం దగ్గరికి పోతే ఫోన్లు బయట పెట్టాలని ఆమె ఒకసారి చెప్పింది. ధారూరు దాటాక సిగ్నల్ కోసం బండి ఆగింది. కిటికీలోంచి చూస్తే బీడులో ఎవరిదో మంద మేస్తోంది, మధ్యలో గొంగడి కప్పుకుని ఒక మనిషి. బీరన్న కళ్లు మూసుకున్నాడు. మూసుకుంటే గడ్డి మెల్లగా పైకి లేస్తూ కనిపించింది. వెంటనే తెరిచాడు. ఆ మనిషి ఇంకా అక్కడే ఉంది. బండి కదిలేదాకా ఆమెనే చూస్తూ కూర్చున్నాడు, చూపు తిప్పితే మాయమవుతుందేమో అన్నట్టు.

గోదాము ముందు ఆటో దిగేసరికి మూడుకు పది నిమిషాలు. కావలివాడు బాలస్వామి అడ్డుకోబోయి, గుర్తుపట్టి వదిలాడు. లోపల హోరు అప్పటికే మొదలైంది. గచ్చు కింద నుంచి కాళ్లకు తెలుస్తోంది.

"ఆపుండ్రి! బిడ్డా, ఆపు!" అని అరిచాడు బీరన్న. ఆమెను మేడం అనకుండా పిలవడం అదే మొదటిసారి.

శ్రీహరి వెనక్కి తిరిగాడు. "ఎవరీయన? లోపలికి ఎట్లా వచ్చాడు?"

"కాయిలు చుట్టిన బీరన్న కాక సార్. ఏమైంది కాకా?"

బీరన్న అంతా చెప్పాడు. కొసరు చుట్టు, నల్ల దారం, రెండు చిరుగు చెవులు, గడ్డిలో తెగిన చప్పుడు. చెబుతుంటే తనకే పిచ్చిమాటల్లా వినిపించాయి. తప్పు తనదని రెండుసార్లు అన్నాడు.

"ఇంత మిషను మీ గొర్రెలను ఎత్తుకుపోతోందా?" శ్రీహరి నవ్వాడు. "అయ్యా, ఇంకో అయిదు నిమిషాలు. తర్వాత మాట్లాడుదాం."

"అయిదు నిమిషాలైతే నా ఇంటామె ఉండది సారూ."

పద్మారాణి గోడ వైపు తిరిగింది. ఆమె చూపు గోడకు అంటించిన కాగితం మీద ఉంది. కాయిలు వచ్చిన రోజు కొలిచి రాసిన అంకెలు అవి. తీగ పొడవు లెక్క కంటే కొంచెం ఎక్కువ చూపిస్తోందని, కొలతలో తేడా అనుకుని కింద గీత గీసి వదిలేసింది తనే.

"పోయిన గొర్రె ఎంత తూగుతది కాకా?" అని అడిగింది.

"ముప్ఫై, ముప్ఫై ఒకటి."

ఆమె లేచి వెళ్లి పెద్ద మీట కిందికి లాగింది. హోరు దిగింది. శ్రీహరి అరుస్తూనే ఉన్నాడు. కానీ నిండిన విద్యుత్తు ఒక్కసారిగా పోదని, మీటరు ముల్లు ఇంకా కొంచెం కొంచెంగా వణుకుతోందని బీరన్న చూశాడు. ఆగకుండా మూత విప్పాడు. కాయిలు పెనంలా కాలుతోంది.

  నల్ల దారం వేలికి తగిలింది, చాకుతో తెంపాడు. వార్నిష్ గీకి, చివర లేపి, ఒక్క చుట్టు వెనక్కి తిప్పాడు. వేళ్లు కమిలాయి. తీగను కొలతకు కత్తిరించి, గరుకు కాగితంతో రుద్ది, టంకం పెట్టి, గొట్టం తొడిగి, తెల్ల నూలు దారంతో కట్టాడు. అంత తొందరలోనూ ముడి రెండు మెలికలే వేశాడు.

"ఇప్పుడు పద్నాలుగు వందల నలభై. నడుపుకోండ్రి" అన్నాడు.

మూడూ ఇరవైకి నడిపారు. యంత్రం హోరుమంది, ముల్లు సున్నా మీద నుంచి కదల్లేదు. మళ్లీ నడిపారు. కదల్లేదు.

"ఉన్న ఒక్క మంచి కాయిలును పాడు చేశాడు!" అని శ్రీహరి బల్ల గుద్దాడు. బీరన్న చాకు సంచిలో వేసుకున్నాడు. అతని పనిని ఒకరు పాడు అనడం అదే మొదలు. ఆ మాట అతని చెవికి ఎక్కనే లేదు. ముల్లు ఎంతసేపు వణికింది, ఆ వణుకు ఎంత బరువుకు సరిపోతుంది అన్నదొక్కటే అతని తలలో ఉంది.

పద్మారాణి గేటు దాకా వచ్చింది.  "కాకా, గీ దారం సంగతి నేను రిపోర్టుల రాయ. నువ్వు గూడ ఎవలికీ చెప్పకు. పోయి, చిన్నమ్మ ఉన్నదని నాకు ఫోను చెయ్యి. మర్చిపోకు" అంది.

*

యాలాల దగ్గర ఆటో దిగి బీరన్న చేలకు అడ్డంగా నడిచాడు, తర్వాత పరుగెత్తాడు. కంది చేల అంచున మంద కనిపించింది. మంద వెనక మనిషి కనిపించలేదు. "రుక్కమ్మా!" అని పిలిచాడు. జవాబు లేదు. గొర్రెలు తలలెత్తి చూశాయి. అవి ఒక ఖాళీ చోటు చుట్టూ దూరంగా నిలబడి ఉన్నాయి.

బీరన్న మోకాళ్ల మీద కూలబడ్డాడు. 

"గట్ల పడ్డవేందయ్యా? కాలు జారిందా?"

గట్టు అవతల తుమ్మచెట్టు కింద నుంచి రుక్కమ్మ లేచి వచ్చింది. నిలువునా తడిసి ఉంది. పళ్లు కొట్టుకుంటున్నాయి. బీరన్న ఆమె భుజాలు పట్టుకుని, చేతులు పట్టుకుని, ముఖం తడిమి చూశాడు. అప్పుడు తెలిసింది, ఆమె మీద గొంగడి లేదు.

"గొంగడేది?"

"గదే చెప్తున్న. మూడు గంటల యాళ్లకు మీదికెల్లి ఎవలో గుంజినట్టే అయింది. తిరిగి చూస్తే గాలి లేదు, మనిషి లేదు, గొంగడి లేదు. గంతసేపు వెతికిన. మా అమ్మ నేసిన గొంగడయ్యా గది. నా ఊలుతోని నేసింది." ఆమె ఏడుపు ఆపుకుంటోంది. "నువ్వేంది, గిట్ల వణుకుతున్నవ్? తడిసింది నేను."

బీరన్న చొక్కా విప్పి ఆమెకు కప్పాడు. పద్మారాణికి ఫోను చేసి, "ఉన్నది బిడ్డా" అన్నాడు. 

*

ఆ ప్రయోగం మూతపడింది. సామానంతా లారీలకెక్కించి వేరే ఊరికి తీసుకుపోయారని పద్మారాణి చెప్పింది. ఏ ఊరికో ఆమెకు తెలియదు. అక్కడ కాయిలు ఎవరు చుడతారో, ఆ చుట్టేవాని చేతికి ఏ అలవాటు ఉందో అంతకంటే తెలియదు. బీరన్నకు ఇంకొక భయం కూడా ఉంది. అవతలి పొరలో తనలాంటివాడు ఒకడు ఉండే ఉంటాడు. చిరుగు చెవి గొర్రెకు ముడి వేసినవాడు వాడే. వాడికి కూడా ఏసుదాసే నేర్పి ఉంటాడు. వాడు కొసరు చుట్టు విప్పాడో లేదో ఎవరు చెప్పాలి?

షాపులో ఇప్పుడు లెక్కకు సరిగా చుడతాడు. చివరి చుట్టు కాగానే కుడిచెయ్యి తనంతట తాను ఇంకోసారి తిరగబోతుంది. ఎడమచేత్తో దాన్ని పట్టుకుంటాడు. ఇంట్లో ఉన్న ఊలు ఉండలన్నీ పొయ్యిలో వేశాడు. రుక్కమ్మకు ప్లాస్టిక్ కోటు కొనిచ్చాడు.

"గొర్లు కాసేదాన్ని, గీ సంచి తొడుక్కోవాల్నా? మంద నన్ను చూసి బెదురుతుంది" అని ఆమె మండిపడింది. అయినా తొడుక్కుంటుంది.

గురువారం మాత్రం రెండున్నరకే షాపు మూస్తాడు. మంద ఎక్కడుందో వెతుక్కుంటూ వెళ్లి, రుక్కమ్మ పక్కన నిలబడి ఆమె చెయ్యి గట్టిగా పట్టుకుంటాడు.

"ఇడువయ్యా. గట్టు మీద మనుషులు పోతుండ్రు. గీ వయసుల ఏందిది?"

"జరసేపు."

"ప్రతి బేస్తారం ఇదే పాట. ఏమైందో చెప్పవు, చెయ్యి ఇడువవు."

బీరన్న మంద వైపు తిరుగుతాడు. ఒక చేత్తో ఆమె చెయ్యి పట్టుకుని, ఇంకో చేత్తో చూపిస్తూ గొర్రెలను లెక్కపెడతాడు. లాభం, రెండు, మూడు. అరవై మూడు దాకా వస్తుంది. లెక్క సరిపోయినా, మూడు దాటి పది నిమిషాలయ్యేదాకా ఆ చెయ్యి వదలడు.